వైరల్ కీర్తి – అంటువ్యాధి పోలిక ఎంతవరకు నిజం?

మహాశివరాత్రి నాడు మేళ్లచెరువు జాతరలో ఎడ్ల పందెం ముగిసినదనుకొనుడు. గెలిచిన జత సంగతి మైకులో చెప్పితే వేలమంది ఒక్కసారే వింటారు. ఒకరి నోట ఒకరికి పాకే వార్త మెల్లగా పోతుంది. కాని మైకు వినబడని ఊళ్లకు కూడ చేరుతుంది. ఇంటర్నెట్టులో కీర్తి వ్యాపించే విధం తెలియాలంటే ఈ రెండు దారులను మనసులో ఉంచుకొనవలెను.

అకస్మాత్తుగా లక్షలమందికి చేరిన వీడియోను ‘వైరల్’ అంటున్నాము. ఈ మాట వైరస్ నుండి వచ్చినది. ఒక రోగి సగటున ఒకరికంటె ఎక్కువమందికి రోగం అంటిస్తే వ్యాధి పెరుగుతుంది, తక్కువైతే ఆరిపోతుంది. చూచిన ప్రతివాడు ఇద్దరికి పంపితే ఇరవయ్యవ మెట్టులో 10,48,576 మందికి చేరవలెను. లెక్క అందమైనదే. కాని లోకం అలా నడుస్తున్నదా?

యూట్యూబులో మొదటి వీడియో 2005 ఏప్రిల్ 23న వచ్చినది. అందులో జావేద్ కరీం ఏనుగుల ముందు నిలబడి 19 సెకన్లు మాట్లాడినాడు, అంతే. తెలుగువారిలో ఈ రకపు కీర్తికి తొలి ఉదాహరణలలో ఒకటి సంపూర్ణేశ్ బాబుది. ‘హృదయ కాలేయం’ పోస్టర్లను జనం నవ్వుకొంటూ ఒకరికొకరు పంపుకొన్నారు. ఇది నోటి దారి. 2013లో దర్శకుడు రాజమౌళి ఆ చిత్రాన్ని ట్విట్టరులో ప్రస్తావించిన తరువాతనే అది అందరి దృష్టిలో పడినది. ఇది మైకు దారి. చిత్రం 2014లో విడుదలైనది.

శరద్ గోయల్, డంకన్ వాట్స్ మొదలైనవారు ట్విట్టరులో సుమారు వంద కోట్ల వ్యాప్తులను పరిశీలించి 2016లో ఫలితాలు ప్రకటించారు. పెద్ద ప్రచారం పొందినవాటిలో కూడ చేతులు మారిన మెట్లు సాధారణంగా తక్కువే. ఒక్క చోటు నుండి ఎంతమందికి ఒకేసారి చేరినదన్నదే ముఖ్యం. అంటే ‘వైరల్’ అన్న పేరు సగమే సరి. “మా వీడియో ఎందుకు పాకలేదు సార్?” అని మొగం వేలాడేసుకొని అడిగే విద్యార్థులకు నేను చెప్పేది ఇదే: లోపం వీడియోలోనే ఉండనక్కరలేదు, మైకు అందలేదేమో!

తెనాలి ప్రాంతపు గుడివాడలో ఆరుబయట వంటచేసి, నూరేండ్లు దాటిన వృద్ధురాలిగా పేరుపొందిన మస్తానమ్మ సంగతి చూడండి. మునిమనుమడు తీసిన వీడియోలు 2016 నుండి వచ్చినవి. అదే యేడు సెప్టెంబరులో జియో రాకతో డేటా చౌకైనది. ఒకరు మరొకరికి పంపే సగటు పెరగడానికి ఇది తోడ్పడినదని నా అభిప్రాయం. 2018 డిసెంబరులో ఆమె మరణించేనాటికి పది లక్షలకు మించిన చందాదారులు ఉన్నారు.

ఇప్పుడు మూడవ దారి కూడ ఉన్నది: మనం చూచినదానిని బట్టి తరువాతి వీడియోను యంత్రమే చూపుతుంది. జాతరలో మైకు ఎవరి చేతిలో ఉన్నదో కనబడుతుంది, ఇక్కడ కనబడదు. ఉపాధ్యాయులు తరగతిలో ఒక వీడియో పేరు చెప్పి, అది ఒక్కొక్కరికి మిత్రుని ద్వారా వచ్చినదా, ప్రముఖుని ద్వారానా, యంత్రం ద్వారానా అని అడిగి నల్లబల్లపై గీతలు గీయించవచ్చును.