పాకం నుంచి పిప్పరమెంటు బిళ్ళ దాకా

చప్పరించే బిళ్ళలు రాకముందు తీర్థాలకెళ్ళే పిల్లలకు జీళ్ళు ఉండేవి. బెల్లప్పాకాన్ని ముదరగాచి, మేకుకు తగిలించి, చేతుల్తో సాగదీస్తారు. సాగదీసిన కొద్దీ గాలి చేరి పాకం రంగు తేలిపోతుంది.

చెరకు రసంతో తీపి సరుకులు చేసే విద్య చాలా పాతది. కౌటిల్యుడి అర్థశాస్త్రంలోనే ఫాణితం, గుడం, మత్స్యండిక, ఖండం, శర్కర అని తీపి సరుకుల వరుస ఉంది. అయితే జీళ్ళలో పెత్తనమంతా బెల్లానిదే. నిమ్మవాసనో పిప్పరమెంటు చలువో పైకి తేలాలన్నా, బిళ్ళ అద్దంలా మెరవాలన్నా తెల్ల చక్కెరే కావాలి.

ఆ చక్కెర ఒడిశాలోని గంజాం జిల్లా బరంపురానికి పొరుగునే తయారైంది. సుమారు 40 కిలోమీటర్ల దూరంలో, ఋషికుల్య ఒడ్డున ఉన్న ఆస్కాలో 19వ శతాబ్దంలో మించిన్ దొర ఫ్యాక్టరీ నడిపాడు. అప్పటికి గంజాం మద్రాసు ప్రెసిడెన్సీలోది. ఒడిశాలో చేరింది 1936 ఏప్రిల్ 1న. ఆస్కా ఫ్యాక్టరీకి ఇంకో విశేషం ఉంది. ఐరోపాలోని మొరేవియాలో జూలియస్ రాబర్ట్ 1864లో బీట్‌దుంపల కోసం ఒక పద్ధతి కనిపెట్టాడు. గానుగాడకుండా, ముక్కలుగా తరిగి, వేడినీళ్ళతో తీపిని రాబట్టడం. దాన్ని చెరకుకు తొలుత వాడిన చోట్లలో ఆస్కా ఒకటి. గంజాం చరిత్రలో ఇంకా ఎక్కువగా చెప్పుకోవలసిన ముచ్చట ఇది.

చక్కెరతో బిళ్ళలు చేసే ఫ్యాక్టరీలూ వచ్చాయి. 1929లో బొంబాయి విలే పార్లేలో మొదలైన పార్లే కంపెనీ తొలినాళ్ళలో చేసింది మిఠాయి బిళ్ళలే.

ఇంట్లో బిళ్ళలు చేయడానికి ఫ్యాక్టరీ అక్కర్లేదు. రెండు గ్లాసుల చక్కెరకు గ్లాసు నీళ్ళు, నాలుగు చుక్కల నిమ్మరసం చాలు. ఆ పులుపు చక్కెరలో కొంత భాగాన్ని విడగొట్టి, పాకం మళ్ళీ పలుకులు కట్టకుండా ఆపుతుంది. కరిగాక గరిటె పెట్టి కలపకూడదు. తీగపాకం, ఉండపాకం దాటి వేడి 150 డిగ్రీలకు చేరాలి. థర్మామీటరు లేకపోతే చన్నీళ్ళలో ఒక చుక్క వేసి, గట్టిపడ్డాక తీసి పళ్ళేనికి కొట్టి చూడాలి. ఠంగుమంటే పాకం వచ్చినట్టు. పొయ్యి మీంచి దించాకే పిప్పరమెంటు నూనె వేయాలి, ముందే వేస్తే వాసన ఆవిరైపోతుంది. నెయ్యి రాసిన పళ్ళెంలో పోసి, వేడి ఆరకముందే చాకుతో గాట్లు పెట్టాలి. పిల్లల్ని దగ్గరికి రానివ్వకూడదు. ఈ పాకం ఒంటిమీద పడితే అంటుకుని కాలుస్తుంది.

బరంపురానికి సముద్రం దగ్గర కాబట్టి ఉప్పుగాలి చెమ్మకు బిళ్ళలు ఇట్టే జిగురెక్కుతాయి. ఆరగానే కాగితాల్లో చుట్టి, బిగుతు మూత ఉన్న సీసాలో వేసేయాలి.