వేడెక్కితే మాట తప్పే సెన్సరు

రాయదుర్గం మెట్రో స్టేషన్ దాటి మైండ్‌స్పేస్ జంక్షన్ వైపు కారు అంగుళం అంగుళం జరుగుతోంది. మే నెల, సాయంత్రం ఆరున్నర. ఎండ వాలింది గానీ తారురోడ్డు ఇంకా సెగ కక్కుతూనే ఉంది. మీరు ఎడమ సీట్లో ఉన్నారు. స్టీరింగ్ దగ్గర మీ కొలీగ్. సాఫ్ట్‌వేర్ టెస్టింగ్ ఆమె పని. కారు ఆమెదే, పదేళ్ళ నాటి పెట్రోలు హ్యాచ్‌బ్యాక్. క్లచ్చి, బ్రేకు, మళ్ళీ క్లచ్చి.

మొదట ఏసీ గాలి గోరువెచ్చనవుతుంది. తల పైకెత్తి గ్రిల్ ముందు చెయ్యి పెట్టి చూసేలోపే బానెట్ కింద ఫ్యాను గుయ్‌మని అందుకుంటుంది. అందుకున్నది ఆగదు. డ్యాష్‌బోర్డు మీద ఇంజను బొమ్మ పసుపుపచ్చగా వెలుగుతుంది. ఆమె వేలు పెట్టి చూపించేది మాత్రం ఆ దీపాన్ని కాదు, పక్కనున్న టెంపరేచర్ ముల్లుని. సగానికి నిలబడి ఉండాల్సిన ముల్లు చల్లటి వైపు, అట్టడుగున పడి ఉంది.

"గంట నుంచి నడుస్తున్న ఇంజను చల్లగా ఉందట. నమ్ముతారా?" అంటుంది. పొద్దున ఆఫీసుకి వచ్చేటప్పుడు ఏమీ ఉండదు. సాయంత్రం ఈ జంక్షన్‌కి రాగానే ఈ గోల మొదలు. ఒకచోట ప్లగ్గులు మార్చారు. ఇంకోచోట ఇంజెక్టర్లు కడిగారు. బిల్లులు పెరిగాయి, ఫ్యాను మాత్రం తన పాట ఆపలేదు.

అద్దం దించండి. ముల్లు అబద్ధం చెబుతున్నప్పుడు నమ్మడానికి ముక్కూ కళ్ళూ మాత్రమే మిగులుతాయి. బానెట్ సందుల్లోంచి ఆవిరి రావట్లేదు. కూలెంట్ కారితే వచ్చే తియ్యటి వాసనా లేదు. వెనక నుంచి పచ్చి పెట్రోలు వాసన మాత్రం వస్తోంది. అంటే ఇంజను ఉడికిపోవట్లేదు, తిండి ఎక్కువై అరగక బాధపడుతోంది. మెల్లగా పోవచ్చు.

సైబర్ టవర్స్ గుండ్రటి భవనం ముందు మళ్ళీ ఆగుతారు. 1998 నవంబరు 22న వాజపేయి దీన్ని ప్రారంభించిన రోజుల్లో ఈ చుట్టుపక్కల బండరాళ్ళు ఎక్కువ, కార్లు తక్కువ. ఆనాటి కార్బురేటర్ కార్లలో ఈ పేచీ ఉండేది కాదు. చలికాలం పొద్దున చోక్ లాగి స్టార్ట్ చేసి, వేడెక్కాక దాన్ని లోపలికి నెట్టేవాళ్ళు. ఇంజను చల్లగా ఉందా, వేడిగా ఉందా అని తేల్చేది మనిషి చెయ్యే. ఇప్పుడా తీర్పు బొటనవేలంత ఇత్తడి ముక్కకి, కూలెంట్ సెన్సరుకి, అప్పజెప్పారు. చల్లగా ఉందని అది చెబితే కంప్యూటరు పెట్రోలు ఎక్కువ పోస్తుంది. వేడెక్కిందంటే తగ్గిస్తుంది. అసలు దాని మాటే వినపడకపోతే, ఎందుకైనా మంచిదని ఫ్యాను పూర్తిగా తిప్పేసి, చాలా కార్లలో ఏసీ కూడా కట్టేస్తుంది. ఇందాక మీ మొహానికి తగిలిన గోరువెచ్చటి గాలికి కారణం అదే.

శిల్పారామం, కొత్తగూడ, అక్కణ్ణుంచి కుడివైపు హఫీజ్‌పేట రోడ్డు. ఆమె కారుని ఒక గల్లీలోకి తిప్పుతుంది. రెండు హాస్టళ్ళ మధ్య రేకుల షెడ్డు. బయట నంబరు ప్లేటు లేని ఆటో, లోపల జాకీల మీద ఒక వ్యాను. యాభై దాటిన మనిషి చేతులు తుడుచుకుంటూ వస్తాడు. ఇక్కడ అందరూ ఆయన్ని ఉస్తాద్ అంటారు.

ఆమె తాళం తిప్పబోతుంటే దూరం నుంచే చెయ్యి ఊపుతాడు. "బంద్ చెయ్యకున్రి అమ్మా! గట్లనే ఉంచున్రి. చల్లగైనంక వస్తే నాకేం దొరుకుతది?"

ఆ ఒక్క మాటతో మీ కొలీగ్ మొహం విప్పారుతుంది. బగ్ బతికుండగానే చూడాలనే మనిషి ఆమెకి ఇన్నాళ్ళకి దొరికాడు.

స్టీరింగ్ కింద 16 పిన్నుల సాకెట్ ఉంటుంది. అందులో అగ్గిపెట్టెంత స్కానర్ గుచ్చి, పగిలిన తెర ఉన్న ఫోను మీ చేతికిస్తాడు. చూడండి. కోడ్ పీ0118, అంటే కూలెంట్ సెన్సరు లైన్లో వోల్టేజి ఉండాల్సినదానికన్నా ఎక్కువ. కింద వరసగా అంకెలు: లోపలికొచ్చే గాలి 47 డిగ్రీలు, కూలెంట్ మైనస్ 40.

"ఆ మైనస్ 40 కొలిస్తే వచ్చింది కాదు," అంటుంది ఆమె. ఉష్ణోగ్రతని కారు ఒక్క బైటులో పంపుతుంది, 0 నుంచి 255 దాకా ఏదో ఒక అంకె. అందులోంచి 40 తీసేస్తే డిగ్రీలు. సున్నా వచ్చిందంటే అవతల పలికేవాళ్ళు లేరన్నమాట. అయితే అన్ని కార్లూ ఇంత నిజాయితీగా ఉండవు. తప్పు పట్టుకోగానే కొన్ని కంప్యూటర్లు తమకి తోచిన అంకె ఒకటి వేసుకుంటాయి. తెర మీద శుభ్రంగా 80 కనిపిస్తుంది, చూసినవాడు సెన్సరు బాగుందని బానెట్ మూసేస్తాడు.

బానెట్ లేపగానే సెగ మొహాన కొడుతుంది. సెన్సరు ఎక్కడుందో మీరే వెతకండి. రేడియేటర్ పైనుంచి లావుపాటి రబ్బరు గొట్టం ఇంజను వైపు పోతోంది కదా, దాని వెంటే చూపు పోనివ్వండి. గొట్టం ఆగినచోట, ఇంజను తలకాయ చివర ఒక అల్యూమినియం గూడు ఉంది. థర్మోస్టాట్ ఉండేది అందులోనే. దాని పక్కన రెండు వైర్ల కనెక్టరు తగిలించుకున్న ఇత్తడి నట్టు లాంటిదే సెన్సరు. చాలా కార్లలో చోటు ఇదే, కొన్నిట్లో మాత్రం గొట్టాల వెనక చెయ్యి దూరనిచోట దాక్కుంటుంది. గాలి వచ్చే దారిలో ఇలాంటి కనెక్టరే ఇంకోటి కనిపిస్తుంది. అది గాలి వేడి చూసేది. పాత కార్లలో ముల్లుకి ఒక సెన్సరు, కంప్యూటరుకి ఇంకోటి, రేడియేటర్‌కి ఫ్యాను స్విచ్చు విడిగా ఉండేవి. ఒకదానికి బదులు ఇంకోటి మార్చి డబ్బులు తీసుకున్న కథలు ప్రతి షెడ్డులోనూ వినొచ్చు.

ఉస్తాద్ ఇన్‌ఫ్రారెడ్ థర్మామీటరు తీసి ఆ గూడు మీదికి ఎర్ర చుక్క వేస్తాడు. 54. మీరు నొసలు ముడేస్తారు. ఆయన తల అడ్డంగా ఊపి, నల్ల ఇన్సులేషన్ టేపు చిన్న ముక్క తుంచి, స్క్రూడ్రైవర్ మొనతో గూడుకి అతికించి, దాని మీద చుక్క వేస్తాడు. 92. మెరిసే అల్యూమినియం తన వేడిని సరిగ్గా ప్రసరించదు, నల్ల టేపు ప్రసరిస్తుంది. ఇన్ని వేల కార్ల గల్లీల్లో ఈ టేపు ముక్క అతికించే చేతులు ఎన్ని ఉన్నాయో గానీ, తెలియక 54 చూసి థర్మోస్టాట్ మార్పించుకున్నవాళ్ళు తప్పకుండా ఉండి ఉంటారు.

ఇంజను 92లో ఉంది, కంప్యూటరు మైనస్ 40 అంటోంది. అబద్ధం సెన్సరుదా, వైరుదా, కంప్యూటరుదా?

"ఇప్పుడు బంద్ చేసి, కీ మాత్రం ఆన్ చెయ్యున్రి. చేతులు ఫ్యాను కాడ పెట్టకున్రి, అది ఎప్పుడన్న తిరుగుతది." కనెక్టరు పీకుతాడు. దాని రెండు పిన్నుల మధ్య మల్టీమీటరు ఐదు వోల్టులు చూపిస్తుంది, ఉండాల్సింది అదే. తర్వాత చిన్న వైరు ముక్కతో ఆ రెండు పిన్నుల్ని కలిపేస్తాడు. "ఫోన్ల ఏమొచ్చింది?"

మైనస్ 40 మాయమైంది. ఒక్క గెంతులో 140.

"వైరు మంచిగుంది. కంప్యూటర్ మంచిగుంది." వైరు ముక్క పీకేస్తూ ఇంకో మాట అంటాడు, మీరు గుర్తుంచుకోవాల్సింది. ఈ పని ప్రతి సెన్సరుకీ చెయ్యకూడదు. ఇక్కడ ఐదు వోల్టుల దారిలో కంప్యూటరు లోపల ఒక రెసిస్టర్ అడ్డం ఉంటుంది కాబట్టి చెల్లింది. కనెక్టరు మారితే కథ కంప్యూటరు బిల్లుతో ముగుస్తుంది.

ఇక సెన్సరు పిన్నుల మీద మీటరు పెడతాడు. తెర మీద ఓఎల్. దారి తెగి ఉంది.

"ప్రోబ్ సరిగ్గా ఆనిందో లేదో?" అంటుంది మీ కొలీగ్. ఉస్తాద్‌కి కోపం రాదు. మళ్ళీ పెడతాడు, పిన్నులు గీకి పెడతాడు, కనెక్టరు ఊపి చూస్తాడు. ఓఎల్. "చల్లగైనంక సూద్దాం. వేడి మీద ఇప్పితే మొహం కాలుతది." కూలెంట్ ఒత్తిడి మీద ఉంటుంది. ఆ ఒత్తిడిలో 120 డిగ్రీల దాకా వేడెక్కినా మరగకుండా ఉండగలదు, మూత వదులైన క్షణంలోనే బుస్సుమని ఆవిరై లేస్తుంది.

కాబట్టి చాయ్. గల్లీ మొగలో బండి ఉంది, ఉస్మానియా బిస్కెట్లు కూడా. మెడలో ఇంకా ఐడీ కార్డులు తీయని కుర్రాళ్ళు నిలబడి తాగుతున్నారు. ఇంజను చల్లబడేలోపు ఆ సెన్సరు లోపల ఏముందో చూద్దాం. వెండి సల్ఫైడ్‌ని వేడిచేస్తే విద్యుత్తు మరింత తేలిగ్గా పారుతోందని మైకేల్ ఫారడే 1833లో గమనించాడు. లోహాల్లో దీనికి సరిగ్గా వ్యతిరేకం, వేడెక్కేకొద్దీ అడ్డు పెరుగుతుంది. ఫారడే చూసిన ఆ గుణమే ఇత్తడి నట్టు లోపల కూర్చున్న థర్మిస్టర్‌ది. ఎక్కువగా వాడే రకంలో 20 డిగ్రీల దగ్గర రెండున్నర వేల ఓములు, 80 దగ్గర మూడు వందల చిల్లర, నూరు దగ్గర రెండు వందల లోపు. ఆ అడ్డు ఎంతుందో బట్టి ఐదు వోల్టుల్లో కంప్యూటరుకి కొంత మిగులుతుంది. దాన్నే అది డిగ్రీలుగా చదువుకుంటుంది.

మీరు తిరిగొచ్చేసరికి షెడ్డు కుర్రాడు ఉత్సాహంగా ఎదురొస్తాడు. "ఉస్తాద్, కనెక్టర్ పెట్టి సూసిన. ఇప్పుడు మంచిగనే సూపిస్తుంది, 58!" ముల్లు కూడా లేచింది. ఫ్యాను మౌనం. కోడ్ చెరిపేసి, "అయిపోయింది, తీసుకెళ్ళండి" అనే చోటు సరిగ్గా ఇదే. రేపు సాయంత్రం మైండ్‌స్పేస్ దగ్గర మళ్ళీ మొదలయ్యేదీ ఇదే.

ఇంజను చెయ్యి ఓర్చుకునేంత చల్లబడ్డాక మూత తీసి, కింద ట్రే పెట్టి, సెన్సరు విప్పుతాడు. ఆకుపచ్చ కూలెంట్ కాస్త కారుతుంది. సెన్సరుని లైటు కిందికి పట్టుకుంటాడు. మొన మీద సున్నం పొక్కులా తెల్లటి పూత. "బోరు నీళ్ళు పోసిన్రా అమ్మా?"

"బంకులో ఒకసారి తక్కువుందంటే పోయించా..."

"బోరు నీళ్ళల్ల సున్నం ఎక్కువ, అది పేరుకుంటది. తాగే నీళ్ళు గూడ వద్దు. కూలెంట్, లేకుంటే డిస్టిల్డ్ వాటర్." గోరుతో గీకుతాడు. అయితే దోషం ఈ సున్నానిది కాదని ఆయనకి తెలుసు. సున్నం పట్టిన సెన్సరు వేడిని ఆలస్యంగా గుర్తిస్తుంది, ఓఎల్ చూపించదు.

థర్మోస్టాట్‌లు మరిగించి చూసే సొట్టల గిన్నె ఒకటి ఇక్కడ కరెంటు పొయ్యి మీద ఉంటుంది. చాయ్ గిన్నెలో ముంచకూడదు, కూలెంట్‌లో ఉండే ఇథిలీన్ గ్లైకాల్ విషం. సెన్సరు పిన్నులకి మొసలి క్లిప్పులు తగిలించి, ఇత్తడి మొన ఒక్కటే నీళ్ళలో మునిగేలా తీగతో వేలాడదీస్తాడు. మీటరు మీ ముందు పెడతాడు. 1400 ఓములు. నీళ్ళు గోరువెచ్చనవుతుంటే 1100. గిన్నె అడుగున బుడగలు, 830. సన్నటి ఆవిరి, 500. అంకెలు వరసగా, బుద్ధిగా దిగుతున్నాయి. 400. 330. కుర్రాడు మీ వైపు చూసి, "చెప్పిన గద" అన్నట్టు కనుబొమలెగరేస్తాడు. 290. 240.

ఓఎల్.

ఎవరూ గిన్నెని ముట్టుకోలేదు, క్లిప్పులు కదల్లేదు. ఉస్తాద్ తీగ పట్టి సెన్సరుని పైకి లాగుతాడు. గాలికి ఆరుతుంటే, కాసేపటికి ఓఎల్ పోయి 600 వచ్చి కూర్చుంటుంది. మళ్ళీ ముంచుతాడు. మళ్ళీ అదే చోటుకి కాస్త అటూ ఇటూగా తెగుతుంది. లోపల థర్మిస్టర్‌కీ పిన్నుకీ మధ్య అతుకు ఎక్కడో విడిపోయింది. వేడికి లోహం సాగినప్పుడు దూరమవుతోంది, చల్లబడితే తాకుతోంది. పొద్దున పూట ఖాళీ రోడ్డు మీద గాలి తగులుతూ పోయే ఇంజను గూడు అంత వేడెక్కదు. సాయంత్రం సిగ్నళ్ళ దగ్గర నిలబడి నిలబడి ఆ గీత దాటుతుంది.

"రీప్రొడ్యూస్ అయింది," అంటుంది ఆమె, ఆఫీసులో ఎప్పుడూ వినిపించనంత సంతోషంగా.

ఆల్విన్ చౌరస్తా దగ్గర స్పేర్ల దుకాణానికి పోయిన స్కూటర్ తిరిగొస్తుంది. కొన్ని వందల రూపాయల వస్తువు. కొత్తదే కదా అని ఉస్తాద్ దాన్నీ వదలడు, అదే గిన్నెలో ముంచుతాడు. 300, 250, 215, చివరికి రెండు వందల దగ్గర నిలబడిపోతుంది. నీళ్ళు తెర్లుతున్నా నూరు డిగ్రీలకు సరిపోయేంత కిందికి దిగదు. ఇందులో తప్పేమీ లేదు. హైదరాబాదు సముద్రమట్టానికి సుమారు 540 మీటర్ల ఎత్తున ఉంది, ఇక్కడ నీళ్ళు 98 డిగ్రీల దగ్గరే మరిగిపోతాయి.

కొత్త వాషరు వేసి బిగిస్తాడు, బలంగా కాదు, అల్యూమినియం గూడులో మరలు ఊరికే పోతాయి. కూలెంట్ నింపి, మూత తెరిచే ఇంజను నడిపిస్తూ పై గొట్టాన్ని పిసుకుతాడు. బుడగలు ఒక్కొక్కటే పైకొస్తాయి. గాలి బుడగ సెన్సరు మొన దగ్గర చిక్కుకుంటే కొత్తది కూడా తప్పే చెబుతుంది. బుడగలు ఆగాక మూత బిగిస్తాడు. ఫోను మీ చేతిలోనే ఉంది: 61, 74, 83. దగ్గర దగ్గర 88కి కాసేపు ఆగుతుంది. కింది గొట్టం వెచ్చబడిందో లేదో కుర్రాడు చెయ్యి పెట్టి చూస్తాడు. వెచ్చబడింది, థర్మోస్టాట్ తెరుచుకుంది. ఏసీ కట్టేసి ఎదురుచూస్తారు. 93, 95, 96. ఫ్యాను అందుకుంటుంది. 91కి దిగగానే ఆగిపోతుంది. ఉస్తాద్ కదలడు. రెండో చుట్టు కూడా చూస్తాడు: 96కి మొదలు, 91కి బంద్. టేపు ముక్క మీద ఎర్ర చుక్క వేస్తే అంకె ఫోనుకి రెండు డిగ్రీల తేడాలో ఉంది.

అప్పుడే కోడ్ చెరిపేస్తాడు. ఆమె పాత సెన్సరు అడిగి తీసుకుంటుంది. ప్లగ్గులు మార్చినచోట చూపించడానికట. ఉస్తాద్ డబ్బులు లెక్కపెట్టుకుంటూ, "రేపు పొద్దుగాల బండి స్టార్ట్ చేసేముందు డబ్బాల కూలెంట్ ఎంతుందో సూడున్రి. గీతకు కిందికుంటే పొయ్యున్రి. బోరు నీళ్ళు కాదు," అంటాడు.