జలాంతర్గాముల మఱుగు – పేళ్ళ వెలుగు

కొరాపుట్, రాయగడ జిల్లాలు కొండసీమలు. ఇచ్చట నిలిచి చూచువానికి సముద్రము కానరాదు. ఇట్టి సీమలోని ఆంధ్రులు చదువుకొను సంచికలో జలాంతర్గాముల రహస్య సంచారమును గూర్చి వ్రాయుట కొందఱికి వింతగా తోపవచ్చును. కాని విశాఖపట్టణపు రేవునకును ఈ కొండలకును గల సంబంధము నిన్న మొన్నటిది కాదు. 1936 ఏప్రిల్ 1వ తేదీన ఒరిస్సా ప్రత్యేక రాష్ట్రమగువఱకు ఈ జయపురసీమ చెన్నపురి రాజధానిలోని విశాఖపట్టణము జిల్లాకు చేరియుండెను. రాయగడ 1992 అక్టోబరు 2వ తేదీన కొరాపుట్ నుండి వేఱుపడి ప్రత్యేక జిల్లా అయినది. 1955 మొదలు మాచ్‌ఖండ్ వద్ద పుట్టిన విద్యుత్తును ఆంధ్ర, ఒరిస్సా రాష్ట్రములు రెండును పంచుకొన్నవి. 1960ల దశకమున వేసిన కొత్తవలస–కిరండూల్ రైలుమార్గము బైలడిల్లా ఇనుపరాతిని కొరాపుట్ కొండలమీదుగా విశాఖ రేవునకు దింపినది. కావున విశాఖ యెదుట సముద్రమున జరిగిన కథ ఈ సీమవారికి పరాయికథ కాదు.

ఈ వ్యాసమున నేను చూపదలచినది ఒక్కటే. యుద్ధనౌకల సంచారము రహస్యము కావచ్చును. కాని వాని పేళ్ళు బహిరంగములు. పేరు పెట్టినవారి కోరిక, భయము, గర్వము అందు దాగక నిలిచియుండును. మనుష్యుల పేళ్ళను పరిశీలించుటకు మన మే పద్ధతి నవలంబింతుమో ఆ పద్ధతియే నావల పేళ్ళకును చెల్లును. అయితే పేరు యొక్క అర్థమును చెవి కింపైన పోలికను బట్టి గాక, అది పుట్టిన భాషను బట్టియు, పెట్టిన సందర్భమును బట్టియు తేల్చవలెను.

ఈ సీమలోని పేళ్ళను మూడు తెగలుగా విభజింపవచ్చును. మొదటి తెగ పుట్టుకను తెలుపునవి. కొండలలోని గిరిజన కుటుంబములలో బిడ్డ పుట్టిన వారమును బట్టి సోమ, మంగళ, బుధు, శుక్ర మొదలగు పేళ్ళు పెట్టు వాడుక కలదు. అందు కోరిక లేదు. వాస్తవము మాత్రమే కలదు. రెండవ తెగ కోరికను తెలుపునవి. బిడ్డ వీరుడు కావలెనని విక్రముడనియు, సిరి కలుగవలెనని లక్ష్మి యనియు పెట్టునవి ఇట్టివి. మూడవ తెగ మఱుగుపఱచు పేళ్ళు. పుట్టిన బిడ్డలు దక్కని తెలుగు తల్లి పసికందును పెంటకుప్పపై దొరలించి పెంటయ్య అనియో, పెంటమ్మ అనియో పేరు పెట్టెడిది. ఇది విలువలేని వస్తువని భ్రమపడి మృత్యువు దాటిపోవునని ఆమె నమ్మకము. ఈ పేరునకు నిఘంటువు చెప్పు అర్థము వేఱు, తల్లి మనస్సులోని అర్థము వేఱు. ఈ మూడవ తెగను పాఠకులు జ్ఞాపకముంచుకొనవలెను.

రెండవ తెగకు జయపుర రాజవంశమే చక్కని ఉదాహరణము. నందపురము పూర్వ రాజధానిగా గల ఈ వంశమున విక్రమదేవ నామము పలుమాఱులు కనబడును. 1931 మొదలు 1951 వఱకు సంస్థానాధిపతిగా నుండిన విక్రమదేవవర్మ తెలుగున, ఒడియాలో కవి; ఆంధ్ర విశ్వవిద్యాలయమునకు మహాదాత. విశాఖలోని విజ్ఞానశాస్త్ర కళాశాల చిరకాలము ఆయన పేరనే వ్యవహరింపబడినది. విక్రమ శబ్దమునకు మూలము అడుగువేయుట అను అర్థముగల క్రమధాతువు. అడుగు ముందుకు వేయువాడు పరాక్రమశాలి. మూడడుగులతో లోకముల గొలిచిన దేవుడు త్రివిక్రముడు. ఆ ధాతువునుండియే, ఆ ఉపసర్గతోనే విక్రాంత శబ్దమును పుట్టినది. 1961 మార్చి 4వ తేదీన బెల్‌ఫాస్టులో మన నౌకాదళమున చేరిన విమానవాహక నౌకకు విక్రాంత్ అని పేరిడిరి. అంతకుముందు ఆ నావ పేరు హెర్క్యులిస్. గ్రీకు పురాణవీరుని నామమది. జయపురపు రాజుల పేరును బట్టి నావకు పేరు వచ్చినదని చెప్పరాదు. అట్టి ఆధారము లేదు. మాట యొక్క మూలము మాత్రము ఒక్కటి.

ఇక గాజీ శబ్దము. తెలుగున దీనిని ఘాజీ అనియు వ్రాయుదురు. అరబ్బీలో దండెత్తుట అను అర్థముగల ధాతువునుండి పుట్టి, మతయుద్ధము చేసిన యోధునకు బిరుదైనది. పాకిస్తాను గాజీ యని పిలిచిన జలాంతర్గామి మొదట అమెరికాలో 1944లో నీటి కెక్కినది. అప్పటి దాని పేరు డియాబ్లో. స్పానిషున దీనికి దయ్యమని అర్థము. అమెరికావారు తమ జలాంతర్గాములకు చేపల పేళ్ళు పెట్టు కాలమది. ఇదియు ఒక చేపజాతి పేరుగనే గైకొనబడినది. 1964లో అది పాకిస్తాను నౌకాదళమున చేరి గాజీ అయినది. ఇనుము అదియే, యంత్రములు అవియే. పేరు మాత్రము దయ్యమునుండి ధర్మయోధునకు మాఱినది. 1965 యుద్ధకాలమున పాకిస్తానుకు గల జలాంతర్గామి ఇదియొక్కటియే. మన మొదటి జలాంతర్గామి కల్వరి 1967 డిసెంబరు 8వ తేదీన దళమున చేరినది. కల్వరి యనునది మలయాళ జాలరుల నోట పులిసొరచేపకు పేరు.

1971 నవంబరు 14వ తేదీన గాజీ కరాచీ విడిచి, దక్షిణమున తిరిగి బంగాళాఖాతమున ప్రవేశించినది. దాని గుఱి విక్రాంత్. అప్పటికి విక్రాంత్ బాయిలరులలో నొకటి పగుళ్ళుపడి, నావ పూర్తి వేగమున పోజాలని స్థితిలో నుండెను. విశాఖలో తూర్పు నౌకాదళమునకు అధిపతిగా నున్న వైస్ అడ్మిరల్ ఎన్. కృష్ణన్ విక్రాంత్‌ను అండమానులలోని ఒక మఱుగు రేవునకు పంపి, ఆ చోటికి పోర్ట్ ఎక్స్‌రే అని సంకేతనామ మిడెను. ఇట విశాఖలో మాత్రము విక్రాంత్ ఉన్నట్లే నటన సాగినది. రాజ్‌పుత్ అను పాతనౌక సముద్రముపైకి పోయి, విక్రాంత్ పంపునట్టి వైర్‌లెస్ వార్తలను విరివిగా పంపినది. విశాఖలోని కాంట్రాక్టరులకు మాంసము, కూరగాయలు పెద్ద మొత్తమున కావలెనని ఉత్తరువు లిచ్చిరి. విక్రాంత్ నావికు డొకడు జబ్బుపడిన తన తల్లి క్షేమమును విచారించుచు పంపినట్లు ఒక సందేశమును గూడ మఱుగులేని వైర్‌లెస్సున విడిచిరి. కృష్ణన్ ఈ ఉపాయమును తరువాత తన గ్రంథమున వివరించెను.

ఇచ్చట పెంటయ్య పేరును తలచుకొనవలెను. అచ్చట తల్లి అమూల్యమైన బిడ్డకు హీనమైన పేరిడి మృత్యువును త్రిప్పిపంప జూచినది. విశాఖలో దీనికి విపర్యయము జరిగినది. కాలముచెల్లిన నావకు అమూల్యమైన నావ పేరు తగిలించి మృత్యువును తనవైపునకు పిలిచిరి. రెంటను పేరే కవచము. అద్దె పేరుతో సంచరించిన రాజ్‌పుత్‌కు అద్దెగా వచ్చినది విక్రాంత్ పేరు మాత్రమే కాదు, విక్రాంత్‌కు రాసిపెట్టిన అపాయము గూడ.

డిసెంబరు 3వ తేదీ అర్ధరాత్రి లెఫ్టినెంట్ కమాండర్ ఇందర్ సింగ్ నాయకత్వమున రాజ్‌పుత్ రేవు వెడలినది. నీటియందు కదలిక కనబడగా రెండు లోతుబాంబులను జాఱవిడిచినది. కొంతసేపటికి గొప్ప ప్రేలుడు విశాఖ ఇండ్లను గదల్చినది. తెల్లవాఱిన పిమ్మట జాలరులు తేలిన వస్తువులను తెచ్చి యిచ్చిరి. గాజీ తన 93 మంది సిబ్బందితో సముద్రగర్భము చేరినది. రాజ్‌పుత్ విడిచిన బాంబుల వలననే అది నశించినదని మనవారందురు. రేవు ముఖమున తాను పఱచుచున్న మందుపాతరల వలననో, లోపలి ప్రమాదము వలననో నశించినదని పాకిస్తానువారందురు. ఈ వివాదము తీఱలేదు. పేరు చేసిన పని మాత్రము వివాదములేనిది. విక్రాంత్ ఉన్నదను నమ్మికతో గాజీ విశాఖ యెదుట కాచియుండగా, నిజమైన విక్రాంత్ డిసెంబరు 4వ తేదీన తన విమానములను కాక్స్‌బజారు, చిట్టగాంగుల మీదికి పంపినది.

నావల పేళ్ళు ఒక్కొక్కప్పుడు పెట్టినవారినే ప్రశ్నించును. పాకిస్తాను ఫ్రాన్సునుండి కొన్న జలాంతర్గాములలో ఒకదాని పేరు హంగోర్, మఱొకదాని పేరు శుశుక్. వంగభాషలో హంగోర్ అనగా సొరచేప, శుశుక్ అనగా నీటిపంది యని మనము పిలుచు జలచరము. వంగీయులు తమ భాషకై, ఓటుకై పోరాడుచుండిన 1971లో వారి భాషాపదములే వారిని అణచు ప్రభుత్వపు నావలపై వెలుగుచుండినవి. ఆ సంవత్సరము మార్చి నెలాఖరున ఫ్రాన్సు దేశపు తూలోన్ రేవున మాంగ్రో అను మూడవ జలాంతర్గామి నుండి ఎనమండుగురు వంగ నావికులు తప్పించుకొని భారతదేశము చేరిరి. వారితోడనే ముక్తివాహిని నౌకావిభాగమునకు పునాది పడినది. ఆ విభాగమువారు ఆగస్టు 15వ తేదీ రాత్రి తూర్పు వంగపు రేవులలో నావలను ముంచిరి. డిసెంబరు 9వ తేదీ రాత్రి హంగోర్ మన ఖుక్రీ నౌకను డయ్యూ దాపున ముంచగా 18 మంది అధికారులు, 176 మంది నావికులు ప్రాణములు కోల్పోయిరి. ఖుక్రీ యనునది గూర్ఖావీరుల కత్తికి పేరు. ఇరుపక్షముల నావల పేళ్ళును చరిత్రకెక్కినవి. లోపల మునిగిన మనుష్యుల పేళ్ళు వారివారి ఇండ్లలో మాత్రమే మిగిలినవి.

ఇటీవలి యుదాహరణము మన కొండలను మఱింత దగ్గఱగా తాకును. విశాఖలో అణుశక్తితో నడచు జలాంతర్గామిని నిర్మించిన కాలమున ఆ పనికి పెట్టిన పేరు అడ్వాన్స్‌డ్ టెక్నాలజీ వెసెల్. దీనికి ఉన్నత సాంకేతిక నౌక యని మాత్రమే అర్థము. అణువు పేరు లేదు, జలాంతర్గామి మాట లేదు. ఇది మూడవ తెగకు చేరిన పేరు, అనగా మఱుగు పేరు. 2009 జూలై 26వ తేదీన నావ నీటికెక్కినపుడు దానికి అరిహంత్ అను అసలు పేరు వెలువడినది. 2016లో బహిరంగోత్సవము లేకయే దళమున చేరినది. దాని మొదటి సంచారము ముగిసినదని 2018 నవంబరు 5వ తేదీన ప్రధానమంత్రి ప్రకటించెను. రెండవ నావ అరిఘాత్ 2024 ఆగస్టు 29వ తేదీన విశాఖలో దళమున చేరినది.

అరిహంత్ అనగా శత్రువులను చంపునది యని పత్రికలు వ్రాసినవి. అరి యనగా శత్రువు, హంత యనగా చంపువాడు. ఇంతవఱకు సరియే. కాని ఈ మాటకు వేఱొక వంశము కలదు. అర్హుడగుట అను అర్థముగల ధాతువునుండి పుట్టిన అర్హత్ శబ్దము ప్రాకృతమున అరహంత, అరిహంత రూపములు పొందినది. పూజకు అర్హుడైన తీర్థంకరుడని దాని అసలు అర్థము. ఆ పిమ్మట జైనులే దానిని అరి, హంత యని విడదీసి, కామక్రోధాదులైన అంతశ్శత్రువులను చంపినవాడని వ్యాఖ్యానించిరి. కళింగాధిపతి ఖారవేలుని హాథిగుంఫా శాసనము అర్హతులకు నమస్కారముతోనే ఆరంభమగుచున్నది. కొరాపుట్ జిల్లాలో నందపురము దాపున సుబై గ్రామమున జైనాలయముల శిథిలములు, తీర్థంకర విగ్రహములు నేటికిని గలవు. ఆ విగ్రహములు కన్నులు సగము మూసి ధ్యానమున కూర్చున్నవి. వాని పేరే ఆ నావకును పేరు. ఒకే మాట కొండపైన అహింసకును, సముద్రము క్రింద ఆయుధమునకును చిహ్నమైనది. ఈ రెంటిలో ఏది తప్పనుట పరిశోధకుని పని కాదు. రెండును గలవని చూపుటయే అతని పని.

ఇక మన యింటి మాట. ఈ సీమలోని తెలుగుబిడ్డల పేళ్ళు బడి రిజిస్టరులలో ఒడియా లిపిలో పడుచున్నవి. ఆ లిపిలో ఎకార ఏకారములకు, ఒకార ఓకారములకు భేదము లేదు. అచ్చట వకారము బకారమగును, విక్రముడు బిక్రముడగును. ఇంటిపేరు ముందుంచు మన వాడుక, వెనుకనుంచు వారి వాడుక ఒకే దస్తావేజున కలిసి తాఱుమాఱగును. ఇందు ఒకరి తప్పు లేదు. రెండు భాషల సంధిస్థలమున ఇది సహజము. కాని మూడు తరములు గడచిన పిదప మనుమడు తన తాతపేరును చదివి, అది ఏ మాటయో, ఎవరు ఎందులకు పెట్టిరో తెలియక, చెవికి తోచిన అర్థము చెప్పుకొనును. గాజీ, హంగోర్, అరిహంత్ పేళ్ళను గూర్చి మనము పడిన భ్రమయే తన వంశమును గూర్చి అతడు పడును.

కావున పాఠకులకు నా మనవి యిది. ప్రతి కుటుంబమువారును తమ ఇంటిపేరును, పెద్దల పేళ్ళను తెలుగులిపిలో ఒక పుస్తకమున వ్రాసియుంచవలెను. ఆ పేరు వారమును బట్టి వచ్చినదో, మ్రొక్కును బట్టి వచ్చినదో, పెంటయ్యవలె ప్రాణము కాపాడుటకు పెట్టినదో ప్రక్కన గుర్తింపవలెను. ఇరుగుపొరుగు ఒడియావారి పేళ్ళను, గిరిజనుల పేళ్ళను గూడ వారినే అడిగి ఆ విధముగనే సేకరింపవలెను. నావల పేళ్ళకు నౌకాదళములు దస్త్రములు ఉంచును. మన పేళ్ళకు దస్త్రములు ఉంచవలసినవారము మనమే. ఆ పేళ్ళు పెట్టిన పెద్దలు బ్రతికియుండగనే ఈ పని జరుగవలెను.