ఖయ్యాం గీసిన గుమ్మం

తెలుగు పాఠకులకు ఉమర్ ఖయ్యాం అనగానే దువ్వూరి రామిరెడ్డి ‘పానశాల’ గుర్తొస్తుంది. ఆ పారశీక కవి జీవితమంతా గడిపింది మాత్రం లెక్కలతో, నక్షత్రాలతో. 1077లో ఆయన అరబ్బీలో రాసిన ఒక గ్రంథం సమాంతర రేఖల చిక్కును పట్టుకుంది.

చిక్కు ప్రాచీన గ్రీకు గణితజ్ఞుడు యూక్లిడ్ నాటిది. నిరూపణ అడక్కుండా ఒప్పుకోవాల్సిన ఆయన స్వీకృతాల్లో మొదటి నాలుగూ చిన్నవి. లంబకోణాలన్నీ సమానం వంటివి. ఐదోది అలా కాదు. రెండు గీతలను మరో గీత ఖండించినప్పుడు ఒకవైపు లోపలి కోణాల మొత్తం 180 డిగ్రీల కన్నా తక్కువైతే, పొడిగించిన గీతలు ఆ వైపున కలుస్తాయట. ఎంత దూరాన? చెప్పలేదు. యూక్లిడ్ కూడా తన గ్రంథంలో మొదటి 28 సిద్ధాంతాల వరకు దాని జోలికి పోలేదు.

ఆ ఐదోదాన్ని నిరూపించడానికి ఖయ్యాం ఒక గుమ్మం గీశాడు. గడపలా కింద ఒక గీత, దాని రెండు కొసల్లో నిటారుగా సమాన ఎత్తున రెండు గీతలు, పైన కలుపుతూ మరొకటి. కింది మూలలు లంబకోణాలే. మరి పై మూలలు? వడ్రంగి అయితే మూలమట్టం ఆనించి చూసి సరేనంటాడు. ఖయ్యాంకు కొలత చాలదు, కారణం కావాలి. పై కోణాలు రెండూ సమానమని తేల్చాడు. అవి 90 డిగ్రీలా, తక్కువా, ఎక్కువా? దగ్గరవుతూ పోయే గీతలు కలిసి తీరాలన్న మరో నమ్మకాన్ని ఆసరా చేసుకుని 90కే ఓటు వేశాడు.

1733లో ఇటలీ మతగురువు సాకేరీ అదే గుమ్మం ముందు నిలబడ్డాడు. ‘ఎక్కువ’ను కొట్టేశాడు. ‘తక్కువ’ లొంగలేదు. సిద్ధాంతం మీద సిద్ధాంతం పుట్టుకొస్తోంది తప్ప వైరుధ్యం దొరకదు. చివరికి అది సరళరేఖ స్వభావానికే విరుద్ధమని తీర్పు చెప్పి ముగించాడు. ఐదో స్వీకృతం చెల్లని కొత్త జ్యామితి ఆయన కాగితాల మీదే ఉంది, పాపం, పోల్చుకోలేకపోయాడు.

పోల్చుకున్నవాడు హంగేరీ సైనిక ఇంజినీరు యానోష్ బోయాయ్. ఈ సమస్యతోనే ఏళ్లు పోగొట్టుకున్న తండ్రి దాని దరికి పోవద్దని బతిమాలాడు. కొడుకు వినలేదు. 1823లో, శూన్యం నుంచి కొత్త లోకాన్ని సృష్టించానని తండ్రికి ఉత్తరం రాశాడు. 1832లో తండ్రి పుస్తకానికి అనుబంధంగా ఆ లోకం అచ్చయింది. దాన్ని పొగిడితే తనను తాను పొగుడుకున్నట్టేనని, ఇవన్నీ తాను ఎప్పుడో ఆలోచించినవేనని జర్మన్ గణితజ్ఞుడు గౌస్ జవాబిచ్చాడు. అది నిజమే కావచ్చు. ఆ మాట మాత్రం యువకుణ్ని కుంగదీసింది.

రష్యాలోని కజాన్‌లో లోబచేవ్‌స్కీ 1829లోనే ఇదే జ్యామితిని ప్రచురించాడని బోయాయ్‌కు తెలియదు. 1848లో లోబచేవ్‌స్కీ జర్మన్ పుస్తకం చేతికందింది. బోయాయ్ దాన్ని ముందేసుకుని, ఒక్కో సిద్ధాంతాన్నీ పరీక్షిస్తూ తన వ్యాఖ్యలు రాసుకున్నాడు.