స్తంభాల్లేని హాలు

కొత్తగూడ చౌరస్తా నుంచి హైటెక్స్ కమాను దాటి లోపలికి వెళ్తే నోవాటెల్ హోటల్, దాన్ని ఆనుకుని హైదరాబాద్ అంతర్జాతీయ కన్వెన్షన్ సెంటర్ (హెచ్ఐసీసీ). 1998లో ప్రధాని వాజపేయి దగ్గర్లోని సైబర్ టవర్స్ ప్రారంభించేనాటికి ఈ చుట్టుపక్కల భవనాలకన్నా బండరాళ్లే ఎక్కువ. దుబాయ్ ఎమ్మార్ సంస్థ, రాష్ట్ర ప్రభుత్వ సంస్థ ఏపీఐఐసీ చేతులు కలిపి కట్టిన ఈ జంట 2006లో మొదలైంది. ఆ జనవరిలోనే ప్రవాసీ భారతీయ దివస్ ఇక్కడ జరిపారు.

లాబీలో మెరుపులు ఏ స్టార్ హోటల్లోనైనా ఉంటాయి. నన్ను కట్టిపడేసేది ఇక్కడి పెద్ద హాలు. 6,480 చదరపు మీటర్లు, మధ్యలో ఒక్క స్తంభం లేదు. చిట్టచివరి వరుసలో కూర్చున్నా వేదిక మీది మనిషిని చూడటానికి ఏదీ అడ్డురాదు. జరిపే గోడలు వేస్తే అదే ఆరు హాళ్లవుతుంది. ఒకపక్క డాక్టర్ల సదస్సు, మరోపక్క పెళ్లి రిసెప్షన్ పెట్టుకోవచ్చు. పాలరాతి సొగసులో ఫలక్‌నుమా ప్యాలెస్‌కి సాటి లేదు, ఒప్పుకుంటాను. ఆధునిక నగరానికి పనికొచ్చే తెలివి మాత్రం ఈ హాలుదే.

2017 నవంబరులో ప్రపంచ పారిశ్రామికవేత్తల సదస్సుకి ఇవాంకా ట్రంప్ వచ్చిందీ ఇక్కడికే. ప్రధాని మోదీ ఇచ్చిన విందు మాత్రం, 101 మంది కూర్చునే భోజనాల బల్ల ఉన్న ఫలక్‌నుమాలోనే జరిగింది.