ప్రశ్న కింద ఊరి పేరు

తెలుగు దినపత్రికల పిల్లల పేజీల్లో, సైన్సు శీర్షికల్లో కొన్ని దశాబ్దాలుగా ఒక అచ్చు అలవాటు ఉంది. ముందు ప్రశ్న, దాని కింద అడిగినవారి పేరు, చదివే తరగతి, ఊరు. ఆ తర్వాతే జవాబు. చాలామంది ఆ మూడు మాటలను దాటుకుని జవాబులోకి వెళ్లిపోతారు. తెలుగులో సైన్సు ప్రచారం నడిచిన తీరును వెనక్కి తిరిగి చూస్తే మాత్రం జవాబు కంటే ఆ ఊరి పేరే పెద్ద మార్పుకు గుర్తు అనిపిస్తుంది. మన భాషలో శాస్త్రం చెప్పడం నూటయాభై ఏళ్ల నాటి పని. అందులో మొదటి వందేళ్లకు పైగా ఏది చెప్పాలో చెప్పేవాడే తేల్చుకున్నాడు. అడిగేవాడు తేల్చడం మొదలయ్యాకనే సైన్సు పల్లె గడప తొక్కింది. ఆ మలుపు తిప్పింది ప్రభుత్వమూ కాదు, విశ్వవిద్యాలయాలూ కాదు. జీతం లేకుండా జవాబులు రాసిన కార్యకర్తలు. ఈ మాట ఎంతవరకు నిలుస్తుందో చూడటానికి ఆత్రేయపురం మంచి చోటు. ధవళేశ్వరం ఆనకట్టకు దిగువన, గౌతమీ వశిష్ఠల మధ్య కోనసీమ లంకలో, పూతరేకులకు పేరుపడ్డ ఈ ఊరు, దాని మండలం, అడగదగ్గ ప్రశ్నలకు కొదవ లేని చోట్లు.

గోదావరి ఆవలి గట్టున రాజమహేంద్రవరంలోనే ఈ కథ మొదలైంది. 1874లో ‘వివేకవర్ధని’ పెట్టిన కందుకూరి వీరేశలింగం సంఘసంస్కరణకు సైన్సు అవసరమని గుర్తించి, ఖగోళం మీద, జంతువుల మీద, మనిషి శరీరం మీద తెలుగులో పుస్తకాలు రాశారు. 1906లో కొమర్రాజు లక్ష్మణరావు, రావిచెట్టు రంగారావు, గాడిచర్ల హరిసర్వోత్తమరావు హైదరాబాదులో విజ్ఞానచంద్రికా మండలి స్థాపించారు. చరిత్రలు, నవలలతో పాటు జీవశాస్త్రం, పదార్థ విజ్ఞానం, కలరా వంటి విషయాల మీద కూడా ఆ మండలి పుస్తకాలు వెలువడ్డాయి. ఆ తర్వాత లక్ష్మణరావు ఆంధ్ర విజ్ఞాన సర్వస్వం తలకెత్తుకుని, ఆ పని ముగియకుండానే 1923లో కన్నుమూశారు. వీరి కృషిని తక్కువ చేయడానికి లేదు. కలరా గురించి తెలుగులో చదువుకోగలగడం ఆ రోజుల్లో ప్రాణంతో సమానమైన సంగతి. కానీ ఆ పుస్తకాల వరసను నిర్ణయించింది ఇంగ్లిషు పాఠ్యప్రణాళిక, లేదా అకారాది క్రమం. ఊరి వాడి సందేహానికి అందులో చోటు దొరికితే అది కాకతాళీయమే.

కోనసీమ తన వంతుగా ఇచ్చిన మనిషి ఈ పద్ధతిని కొంత మార్చారు. పండితరాయల ఊరుగా చెప్పుకునే ముంగండలోని మహీధర వారి కుటుంబానికి చెందిన నళినీమోహన్ భౌతిక శాస్త్రవేత్త. ‘పిడుగు దేవర కథ’, ‘క్యాలెండరు కథ’ వంటి పుస్తకాల్లో శాస్త్రాన్ని పాఠంగా కాక, మనిషికి కలిగిన అనుమానాల చరిత్రగా చెప్పారు. పిడుగు అనగానే అర్జున, ఫల్గుణ అని జపించే ఇంట్లో పిల్లవాడు ఏమి అడుగుతాడో ఆయనకు తెలుసు. నండూరి రామమోహనరావు ‘విశ్వరూపం’, ‘నరావతారం’ కూడా ఈ బాటలోవే. అయినా ఇక్కడ ప్రశ్న రచయిత ఊహించినది, ఎవరో పంపినది కాదు. పాఠకులు ఉత్తరం రాసి అడగవచ్చునన్న ధైర్యం మరో వైపు నుంచి వచ్చింది. 1952 నుంచి ఆంధ్రప్రభ వారపత్రికలో మాలతీ చందూర్ దశాబ్దాల పాటు నడిపిన ‘ప్రమదావనం’, విజయవాడ నాస్తిక కేంద్రం నుంచి డాక్టర్ సమరం పత్రికల్లో ఇచ్చిన ఆరోగ్య సమాధానాలు ఆ ధైర్యాన్ని ఇంటింటికీ అలవాటు చేశాయి. సైన్సు వాళ్లకు దారి వేసింది వంటింటి సలహాలు, గుప్తరోగాల భయాలు అంటే కొందరికి నచ్చకపోవచ్చు గానీ, జరిగింది అదే.

ఈ రెండు పాయలూ కలిసింది జన విజ్ఞాన వేదికలో. కేరళలో 1962లోనే సైన్సు రచయితలు శాస్త్ర సాహిత్య పరిషత్తు పెట్టుకున్నారు. 1976 నాటి 42వ రాజ్యాంగ సవరణ శాస్త్రీయ దృక్పథాన్ని పౌరుల ప్రాథమిక విధుల్లో చేర్చింది. కాగితం మీద విధి ఉంది, నేర్పే నాథుడు లేడు. 1987లో దేశం నలుమూలల నుంచి భోపాల్‌కు సాగిన జన విజ్ఞాన జాతా ఊపులో, 1988 ఫిబ్రవరి 28న, జాతీయ సైన్సు దినం నాడు, ఆంధ్రప్రదేశ్‌లో వేదిక ఏర్పడింది. బడి పంతుళ్లు, కాలేజీ లెక్చరర్లు, డాక్టర్లు, ఉద్యోగులు అందులో సభ్యులు. పిల్లల కోసం ‘చెకుముకి’ పత్రిక, అదే పేరుతో ప్రతిభా పరీక్షలు వచ్చాయి. వరంగల్లు నిట్‌లో రసాయనశాస్త్రం చెప్పిన ప్రొఫెసర్ ఎ. రామచంద్రయ్య వేదిక తరఫున ‘ఎందుకని? ఇందుకని!’ అంటూ ఏళ్ల తరబడి పాఠకుల సందేహాలు తీర్చారు. ఐసు నీటిపై తేలడం, ఉల్లిపాయ కోస్తే కన్నీరు, ఆవలింత అంటుకోవడం లాంటివే ఈ సందేహాలన్నీ. పాఠ్యపుస్తకంలో అధ్యాయంగా రాని, రోజూ కంటబడే సంగతులు.

ఇలా ప్రశ్నలు పంపించుకోవడం ప్రపంచానికి కొత్త కాదు. 1691లో లండన్‌లో జాన్ డంటన్ ‘ఎథీనియన్ మెర్క్యురీ’ అనే పత్రిక పెట్టి, ఎవరు ఏది అడిగినా పేరు బయటపెట్టకుండా జవాబిస్తామన్నాడు. జవాబులిచ్చేది పండితుల సంఘం అని చాటాడు. నిజానికి ఆ సంఘం అతనూ, మరో ముగ్గురూ. అడిగేవాడి ముఖం కనబడదు, చెప్పేవాడి ముఖం కనబడదు, మధ్యలో అధికారం మాత్రం కనబడుతుంది. మన పత్రికల్లో దీనికి సరిగ్గా తలకిందులుగా జరిగింది. ఫలానా ఊరి ఎనిమిదో తరగతి పిల్ల అడిగిందని, వరంగల్లు కాలేజీలోని ఫలానా మాస్టారు చెప్పారని ఇద్దరి చిరునామాలూ అచ్చయ్యాయి. జవాబు తప్పయితే ఎవరిని నిలదీయాలో అందరికీ తెలుసు.

ఆ తేడా ఎంత పనిచేసిందో వదంతుల రోజుల్లో తేలింది. 1995 సెప్టెంబరు 21న వినాయకుడు పాలు తాగుతున్నాడని దేశమంతా గుళ్ల ముందు బారులు తీరింది. చెంచా అంచు రాతికి తగలగానే తలతన్యత పాలను బయటికి లాగుతుందని, అక్కడి నుంచి సన్నని పొరగా విగ్రహం మీదుగా కిందికి జారుతుందని శాస్త్రవేత్తలు రంగు కలిపిన పాలతో చూపించారు. గ్రహణం నాడు ఇత్తడి పళ్లెంలో రోకలి దానంతటదే నిలబడుతుందన్న నమ్మకం ఇంకా మొండిది. 2019 డిసెంబరు 26న, 2020 జూన్ 21న తెలుగు ఊళ్లలో ఎన్ని వాకిళ్లలో రోకళ్లు నిలబడ్డాయో లెక్క లేదు. దీనికి వేదిక కార్యకర్తల జవాబు ఉపన్యాసం కాదు. గ్రహణం లేని రోజున అదే రోకలిని అదే పళ్లెంలో నిలబెట్టడం. అడుగున ఇనుప పొన్ను చదునుగా ఉండి, గరిమనాభి నుంచి దించిన నిలువు గీత ఆ చదునులోనే పడితే రోకలి ఏ రోజైనా నిలుస్తుంది. మిగతా రోజుల్లో ఎవరూ ప్రయత్నించరు, అంతే తేడా.

ఈ పద్ధతి మీద వినిపించే అభ్యంతరాల్లో గట్టిది ఒకటి ఉంది. రసాయనశాస్త్రం చదివినవాడు పక్షుల గురించి, గుండె గురించి, నక్షత్రాల గురించి జవాబు చెబుతుంటే పొరపాట్లు దొర్లవా? దొర్లుతాయి. కొన్ని జవాబులు ప్రశ్నను వదిలేసి పాఠ్యపుస్తకపు పారిభాషికాల్లోకి పారిపోయిన సందర్భాలూ ఉన్నాయి. అడిగిన పిల్లవాడికి రెండు కొత్త సందేహాలు మిగిలేవి. కానీ రోజువారీ ప్రశ్నల్లో చాలా వాటికి అత్యాధునిక పరిశోధన అక్కర్లేదు, డిగ్రీ స్థాయి చదువూ ఓపికా చాలు. పైగా ఆ జవాబు లక్షల మంది కళ్ల ముందు నిలుస్తుంది, వాళ్లలో నిపుణులూ ఉంటారు. తలుపులేసుకుని చెప్పిన నిపుణుడి మాట కంటే బజారులో చెప్పిన లెక్చరరు మాటను సరిదిద్దడం తేలిక.

రెండో అభ్యంతరం విశ్వాసం వైపు నుంచి వస్తుంది. వీళ్లు సందేహం తీర్చడం పేరుతో దేవుణ్ణి తీసేయడానికి వస్తారని అంటారు. దీన్ని ఆత్రేయపురం మండలంలోనే, ర్యాలిలో పరీక్షించవచ్చు. అక్కడి జగన్మోహినీ కేశవస్వామి మూర్తి ముందు వైపు విష్ణువు, వెనక వైపు మోహిని. పాదాల దగ్గర నీరు ఎప్పుడూ ఊరుతుందని ప్రసిద్ధి. దీనికి తొందరపడి ‘మూఢనమ్మకం’ అనేవాడు సైన్సు చెప్పడం లేదు, తన అభిప్రాయం చెబుతున్నాడు. సైన్సు వాడు అడగవలసింది నీరు ఎటు నుంచి రాగలదని. ధవళేశ్వరం దగ్గర 1852లో పూర్తయిన కాటన్ ఆనకట్ట కాలువల వల్ల గోదావరి మధ్య డెల్టాలో భూగర్భజలం పైపైనే ఉంటుంది. రాతి పగుళ్లలోంచి అది పైకి ఎగబాకవచ్చు. లేదా గర్భగుడిలోని చల్లని రాయి మీద గోదావరి గాలిలోని తేమ చెమ్మ కట్టవచ్చు. ఈ రెంటినీ విడదీయడం కష్టం కాదు. గాలి తేమ అయితే అందులో లవణాలు దాదాపు ఉండవు, నేల నీరయితే ఉంటాయి. వేసవిలో కాలువలు కట్టేసినప్పుడు ఊట తగ్గుతుందా అన్నదీ చూడవచ్చు. కార్యకర్త పని ఈ పరీక్షను చెప్పడం వరకే. విష్ణుపాదాల చెంత పుట్టిన గంగగా ఆ నీటిని చూసే భక్తుడి భావాన్ని లవణాల కొలత ముట్టుకోదు. ఈ హద్దు తెలియని హేతువాదులు లేకపోలేదు. వారివల్ల ఉద్యమానికి జరిగిన మేలు కంటే కీడే ఎక్కువ.

ఇక అందరూ అనేది, ఫోనులో అడిగితే క్షణంలో చెబుతుంది కదా, ఇంకా ఈ మాస్టార్లెందుకు అని. తెలుగులో ఫోను చదివేదానిలో కొంత భాగం కూడా ఇలాంటి జీతం లేని చేతులు రాసినదే. 2003 డిసెంబరులో వెన్న నాగార్జున మొదలుపెట్టిన తెలుగు వికీపీడియా అంతా స్వచ్ఛంద శ్రమే. ఆ సంగతి అటుంచినా, ఫోను రోకలి పట్టుకుని వాకిట్లోకి రాదు. గ్రహణం రోకలి కబురు ఊరూరా పాకింది కూడా ఆ ఫోనులోనే.

నిజమైన లోటు వేరే చోట ఉంది. ప్రశ్న కింద పేరుతో పాటు తరగతి కూడా ఉండేదని మొదట్లోనే చూశాం. అడిగినవారు ఎక్కువగా బడిపిల్లలు. చేతి పని చేసేవారి సందేహాలు ఆ శీర్షికల్లోకి అరుదుగా చేరాయి. ఆత్రేయపురంలో పూతరేకు తీసే స్త్రీల పనినే తీసుకుందాం. బోర్లించిన కుండ లోపల మంట, గిన్నెలో నీళ్లలా జారే బియ్యప్పిండి. పిండిలో తడిపిన గుడ్డను కుండ మీదుగా ఒక్క విసురున లాగితే రెప్పపాటులో పొర కట్టి, అంచు తానే లేస్తుంది. దోసె పెనాన్ని వదలని రోజులుంటాయి, ఇంత పల్చని రేకు కుండను ఎలా వదులుతుంది? పిండిపదార్థపు రేణువులు సుమారు 70 డిగ్రీలు దాటాక నీరు పీల్చి ఉబ్బి జిగురవుతాయి. పొర అతి పల్చన కాబట్టి నీరు వెంటనే ఆవిరై కింది నుంచి తోస్తుంది, ఆరిన పొర ముడుచుకుంటుంది, వాడి వాడి నునుపెక్కిన కుండ పట్టు సడలిస్తుంది. అమైలోస్ అనే పొడవైన గొలుసు అణువులు ఎక్కువున్న బియ్యమైతే పొర చిరగదు. జిగట బియ్యంతో ఈ పని సాగదు. రేకుకు పేరుపడ్డ జయ బియ్యం 1968లో, హైదరాబాదు రాజేంద్రనగర్ కేంద్రంగా నడిచిన అఖిల భారత వరి పథకం విడుదల చేసిన వంగడం. అంటే 2023లో భౌగోళిక గుర్తింపు పొందిన ఈ పాత వంటకంలో బియ్యానికి అరవై ఏళ్లయినా నిండలేదు. అంతకు ముందు ఏ బియ్యం వాడారు, జయ దొరకని ఏడు దాని చోట ఏది పనికొస్తుంది అన్నది రేకు అమ్ముకుని బతికే ఇంటికి పరీక్ష ప్రశ్న కాదు, అక్షరాలా తిండి ప్రశ్న. వశిష్ఠ దాటితే పశ్చిమ గోదావరిలో మారుటేరు వరి పరిశోధన కేంద్రం ఉంది. 1982లో వచ్చిన స్వర్ణ, అంటే ఎంటీయూ 7029, అక్కడి వంగడమే. అమైలోస్ ఎంతుందో కొలవడం అలాంటి చోట మామూలు పని. రేకు తీసేవారి అనుభవాన్ని అక్కడికి మోసుకెళ్లి, వచ్చిన అంకెను మళ్లీ వారి మాటల్లో తెచ్చి చెప్పడం, ఇన్నేళ్లు పిల్లల ఉత్తరాలకు జవాబు రాసినవారికి బాగా చేతనైన పని. వారు ఇప్పుడు ఉత్తరం కోసం ఎదురుచూడకుండా తామే వెళ్లి అడగాలి.