రంగస్థలమునుండి పాఠశాలకు

నటుల చరిత్రలు వ్రాయువారు వారు వేషము ధరించిన దినములనే విస్తారముగా వర్ణింతురు. వేషము విప్పిన పిమ్మట వారేమైరో చెప్పువారరుదు. సుసన్నా రోసన్ అను ఆంగ్లవనిత విషయమున మాత్రము ఆ రెండవ భాగమే ముఖ్యమైనది.

ఈమె 1762వ సంవత్సరమున ఇంగ్లండులోని పోర్ట్స్‌మత్ పట్టణమున జన్మించెను. తల్లి పురిటిలోనే మరణించెను. తండ్రి విలియం హాస్‌వెల్ నౌకాదళోద్యోగి. ఆయనకు మసాచుసెట్సులో కొలువగుటచే, బిడ్డ యైదేండ్లు నిండకముందే సముద్రము దాటి అచ్చటనే పెరిగెను. అంతలో అమెరికా స్వాతంత్ర్య యుద్ధము సంభవించెను. హాస్‌వెల్ రాజపక్షీయుడని ప్రభుత్వమువారు ఆయన యాస్తిని హరించి, కుటుంబమును నిర్బంధమున నుంచి, 1778లో ఇంగ్లండునకు పంపివేసిరి. ఆ బాలిక తానెరిగిన దేశమును పదునారేండ్ల ప్రాయమున అట్లు కోల్పోయెను.

1786లో ఆమె విలియం రోసనును వివాహమాడెను. భర్తకు ఇనుపసామానుల వ్యాపారము. 1792లో అది దివాలా తీసెను. అంతట పొట్టకూటికై దంపతులు నాటకరంగము నాశ్రయించిరి. 1793లో థామస్ విగ్నెల్ కూర్చిన నటబృందముతో కలిసి అమెరికాకు తరలిరి. వారు చేరవలసిన ఫిలడెల్ఫియా నగరమున నప్పుడు పీతజ్వరము ప్రబలి వేలకొలది ప్రజలు మరణించుచుండిరి. అందుచే బృందము తొలుత అన్నాపొలిస్ పట్టణమున నాటకములాడి, 1794లో ఫిలడెల్ఫియా ప్రవేశించెను.

ఆ యేడే ఆమె 'స్లేవ్స్ ఇన్ అల్జీర్స్' అను నాటకమును రచించి, అందు తానే యొక పాత్ర ధరించెను. లండనులో 1791లో వెలువడిన ఆమె నవల 'షార్లట్' ఫిలడెల్ఫియాలో పునర్ముద్రితమై, ఆ కాలపు అమెరికాలో అత్యధిక జనాదరణ పొందెను. కాని 1790 నాటి అమెరికా గ్రంథస్వామ్యపు చట్టము పరదేశీయులు పరదేశమున ప్రచురించిన గ్రంథములకు రక్షణ నొసగలేదు. కావున ఎవ్వరైనను దానిని అచ్చు వేసికొనవచ్చును. కీర్తి రచయిత్రిది, ఆదాయము ముద్రాపకులది!

1796లో ఆమె బోస్టను నగరపు నాటకశాలలో చేరెను. ఆ రాష్ట్రమున 1750లో నాటకములను నిషేధించిన చట్టము 1793 వరకును అమలునందుండెను. నాటకమాడుట నేరమన్న మాట వీడి నాలుగేండ్లయినను కాలేదు. 1797లో ఆమె రంగస్థలమును విడిచి, అదే నగరమున బాలికా పాఠశాలను స్థాపించెను. నటిచెంతకు కుమార్తెలను పంపుటకు తల్లిదండ్రులు జంకుట సహజము. అయినను పంపిరి. పాఠశాల మెడ్‌ఫర్డునకును, న్యూటనునకును మారి, మరల బోస్టను చేరి, ఆమె 1822లో విరమించువరకును ఆమె యాజమాన్యముననే సాగెను.

కుట్టుపని, సంగీతములతో తృప్తిచెందక ఆమె బాలికలకు భూగోళము, చరిత్ర, గణితము బోధించెను. తగిన పుస్తకములు లేకుండుటచే తానే వ్రాసెను: 1805లో భూగోళ సంగ్రహము, 1807లో వర్ణక్రమ నిఘంటువు. ఏటేట తల్లిదండ్రుల యెదుట విద్యార్థినులచే సంభాషణలను, పద్యములను పఠింపజేసెను. వానిలో కొన్నిటిని 1811లో గ్రంథముగా ప్రకటించెను. రంగస్థలమున నభ్యసించిన స్పష్టోచ్చారణము, సభాధైర్యము ఇట్లు పాఠశాలలో ప్రవేశించెను. ఆమె నటనావిద్యను త్యజింపలేదు, దానిని పంచిపెట్టినది.

1824లో బోస్టనులోనే ఆమె కాలధర్మము నొందెను. ఏ దేశము తనను బాల్యమున వెడలగొట్టెనో ఆ దేశపు బాలికలకే లోకపటమును చూపించి చదువు నేర్పినది ఆమె.